మలయాళ చిత్రసీమలో తెనాలి శారద

నంగలి దాటి తూర్పుగా కొంతదూరము సాగినంతనే రాష్ట్రముల సరిహద్దు వచ్చును. అయినను తెలుగు ఆ సరిహద్దున ఆగిపోలేదు. బడిలో కన్నడము, ఇంటిలో తెలుగు: మనము పెరిగిన తీరే అట్టిది. పరభాషను చేపట్టినచో పిల్లలకు స్వభాష జారిపోవునేమో యను శంక మన పెద్దలకు ఏనాడును ఉన్నదే. ఈ శంకను మనసులో ఉంచుకొని ఒక తెలుగు నటీమణి చరిత్రను ఇచట స్మరింతుము.

మలయాళ చిత్రరంగము తన తొలి నాయికను ఆదరించలేదు. మూకీ చిత్రమైన ‘విగతకుమారన్’లో నాయరు స్త్రీగా నటించినందులకు పి. కె. రోసీ యను దళిత యువతి ఊరు విడువవలసివచ్చెను. 1938లో ‘బాలన్’తో ఆ తెరకు మాటలు వచ్చెను. 1954లో ‘నీలక్కుయిల్’ వలన మిస్ కుమారి, 1965లో ‘చెమ్మీన్’ వలన షీలా ప్రజల మన్నన పొందిరి.

ఆ 1965లోనే ‘ఇణప్రావుకళ్’, ‘మురప్పెణ్ణు’ చిత్రములలో శారద కనిపించెను. ఆమె 1945లో తెనాలిలో జన్మించినది. అసలు పేరు సరస్వతీదేవి. 1961 నాటి ‘ఇద్దరు మిత్రులు’ వలన ఆమెను తెలుగువారు అప్పటికే ఎరుగుదురు. 1968లో ఎ. విన్సెంట్ తీసిన ‘తులాభారం’లో, దారిద్ర్యమునకు తాళలేక కన్నబిడ్డలనే చంపుకొన్న తల్లిగా నటించి ఊర్వశి పురస్కారము నందెను. 1972లో అడూర్ గోపాలకృష్ణన్ తొలి కథాచిత్రము ‘స్వయంవరం’ ఆమెకు రెండవ ఊర్వశిని తెచ్చెను. 1981లో ఆయనయే తీసిన ‘ఎలిప్పత్తాయం’లో, అన్నకు ఊడిగము చేసి చేసి క్షీణించిన రాజమ్మగా కనిపించెను.

ఇచట ఒక సత్యమును మరుగుపరచరాదు. పెక్కు మలయాళ చిత్రములలో శారదకు గొంతు నిచ్చినది టి. ఆర్. ఓమన యను మలయాళ నటి. ముఖము తెనాలిది, గొంతు కేరళది. శారద కీర్తిని మనదని చెప్పుకొనునపుడు ఓమన పేరును కూడ చెప్పుట న్యాయము.

శారద స్వభాషను విడిచినదా? లేదు. ‘తులాభారం’ 1969లో ‘మనుషులు మారాలి’గా తెలుగున వచ్చినపుడు అదే దుఃఖమును మన భాషలో నటించెను. మూడవ ఊర్వశి తెలుగు చిత్రమగు ‘నిమజ్జనం’ వలననే లభించెను. 1996లో తెనాలి ప్రజలు ఆమెను లోకసభకు పంపిరి.

మన ముళబాగిలు సీమకు చెందిన సౌందర్యయు కన్నడ, తెలుగు తెరలపై పేరొంది, 2002లో ‘యాత్రక్కారుడె శ్రద్ధక్కు’ అను మలయాళ చిత్రమున నటించెను. 2004లో విమాన ప్రమాదము ఆమెను బలిగొనెను.

పొరుగు భాష వలన మన భాషకు హాని లేదని వీరి జీవితములు తెలుపుచున్నవి. ఇంటిలో తెలుగు వినబడకపోవుటయే హాని. పిల్లలు కన్నడము చక్కగా నేర్తురు గాక. రాత్రి భోజనముల వేళ మాత్రము మనము వారితో తెలుగుననే మాటాడుదము.