ఆల్ వీల్ డ్రైవ్ కార్లను మట్టిదారులకు అనుకూలపరచడం

ఆల్ వీల్ డ్రైవ్ కార్లను మట్టిదారులకు అనుకూలపరచడం అనగా, ఇంజను శక్తి నాలుగు చక్రాలకూ అందే ఖరీదైన సెడాన్ లేదా వ్యాగన్ కారులో కొద్దిపాటి మార్పులు చేసి, తారురోడ్డు దిగిన తరువాత వచ్చే మొరం దారి, బండ్లబాట, కాలువ కట్ట వంటి చోట్ల అది దెబ్బతినకుండా నడిచేటట్లు చేయడం. వ్యాగన్ అనగా పైకప్పును డిక్కీ చివరిదాకా పొడిగించిన కారు. దీనినే మన దేశంలో ఎస్టేటు కారు అని కూడా అందురు. జీపులతో రాళ్ళగుట్టలు ఎక్కే క్రీడకూ దీనికీ సంబంధం లేదు. ఊరికీ పొలానికీ మధ్య ఉండే చివరి రెండు మూడు కిలోమీటర్లే ఇక్కడి విషయం.

ఈ వ్యాసంలో ఉదాహరణకు నాగార్జునసాగర్ ఎడమ కాలువ ఆయకట్టులోని వేములపల్లి, మిర్యాలగూడ, సూర్యాపేట, కోదాడ ప్రాంతాల దారులు తీసుకొనబడినవి.

చరిత్ర

నాలుగు చక్రాల చోదనం చాలాకాలం జీపులకూ, సైనిక వాహనాలకూ పరిమితమై ఉన్నది. 1966లో బ్రిటన్‌కు చెందిన జెన్సెన్ ఎఫ్.ఎఫ్. అనే కారులో దీనిని అమర్చిరి గానీ అవి కొద్ది వందలే తయారైనవి. 1972లో జపాన్ సంస్థ సుబారు తన లియోన్ వ్యాగన్‌ను ఈ సదుపాయంతో విడుదల చేసినది. 1980 మార్చిలో జెనీవా ప్రదర్శనలో కనిపించిన ఆడి క్వాట్రో, ఆ తరువాత ర్యాలీ పందెములలో సాధించిన విజయాలతో, ఈ పద్ధతిని ఖరీదైన కార్లలోనికి తెచ్చినది. దాదాపు అదే కాలంలో అమెరికాలో వచ్చిన ఏ.ఎం.సి. ఈగిల్ మామూలు సెడాన్, వ్యాగన్‌లనే ఎత్తు పెంచి నాలుగు చక్రాల చోదనం ఇచ్చిన కారు. ఈ వ్యాసపు విషయానికి అసలైన పూర్వీకుడు క్వాట్రో కంటే ఈగిలే అని చెప్పవచ్చును.

1990 దశకంలో సుబారు ఔట్‌బ్యాక్, వోల్వో వి70 ఎక్స్.సి. వచ్చినవి. ఆ దశకం చివర వచ్చిన ఆడి ఆల్‌రోడ్‌లో గాలితో పనిచేసే సస్పెన్షన్ ఉన్నది. దాని అడుగు ఎత్తును 142 మి.మీ. నుండి 208 మి.మీ. వరకు నాలుగు మెట్లుగా మార్చుకొనవచ్చును.

భారతదేశంలో వోల్వో ఎస్60 క్రాస్ కంట్రీ 2016లోను, వి90 క్రాస్ కంట్రీ 2017లోను, మెర్సిడెస్ బెంజ్ ఇ-క్లాస్ ఆల్-టెరైన్ 2018లోను విడుదలైనవి. వీటి అమ్మకాలు ఎన్నడూ పెద్దగా లేవు. అంత ధర పెట్టగలవారు ఎత్తైన ఎస్.యు.వి.ల వైపే మొగ్గు చూపినారు. అందుచేత మన ప్రాంతంలో ఈ అవసరం కలిగేది ఎక్కువగా మామూలు ఆల్ వీల్ డ్రైవ్ సెడాన్‌ను, తరచు పాతదానిని, కొన్నవారికే. అటువంటివారు ముందుగా ఒక సంగతి సరిచూసుకొనవలెను. ఒకే పేరు గల కారు రెండు చక్రాల చోదనంతోను, నాలుగు చక్రాల చోదనంతోను కూడా అమ్ముడై ఉండును. ఆడి ఏ4 మన దేశంలో ఈ రెండు విధాలుగానూ అమ్మబడినది. వెనుక అంటించిన బిళ్ళను నమ్మరాదు. కారును పైకెత్తి, వెనుక ఇరుసుకు శక్తిని తీసుకొనిపోయే షాఫ్టు ఉన్నదో లేదో చూడవలెను.

వేములపల్లి ప్రాంతపు దారులు

వేములపల్లి నల్గొండ జిల్లాలోని మండల కేంద్రం. ఇది నల్గొండ నుండి మిర్యాలగూడకు పోయే నార్కట్‌పల్లి–అద్దంకి రహదారి మీద ఉన్నది. సాగర్ ఎడమ కాలువ ఈ మండలం గుండా పోవుచున్నది. 1967లో కాలువలకు నీరు వదిలిన నాటి నుండి ఈ ప్రాంతం వరిసాగుకు మారినది. మిర్యాలగూడ బియ్యపు మిల్లులకు పేరుపొందినది. సూర్యాపేట, కోదాడ పట్టణాలు హైదరాబాదు–విజయవాడ జాతీయ రహదారి మీద ఉన్నవి. 2016 అక్టోబరులో సూర్యాపేట ప్రత్యేక జిల్లాగా ఏర్పడినది.

పెద్ద రహదారులు బాగుగానే ఉన్నవి. చిక్కంతా వాటి నుండి దిగిన తరువాతనే. కాలువ కట్ట మీది దారి మొరంతో గట్టిగానే ఉండును గానీ, పొలం నుండి కట్ట మీదికి ఎక్కే చోట నిటారుగా లేచి మరల వెంటనే చదునవును. పొడవైన కారు నడుము ఆ అంచు మీదనే తగులును. నాట్ల కాలంలో దమ్ము చేసి వచ్చే ఇనుప చక్రాల ట్రాక్టర్లు బాటలను లోతుగా కోసివేయును. ఆ గాడుల నడుమ మిగిలిన మట్టి ఎండి రాయివలె గట్టిపడును. ఎర్ర చెల్క నేలలు వాన వెలిసిన కొద్దిసేపటికే నీటిని పీల్చుకొని నడువనిచ్చును. నల్లరేగడి అట్లు కాదు. అది టైరు గాడులలో కూరుకొనిపోయి, నాలుగు చుట్లు తిరిగేసరికి టైరును నున్నటి ఉండగా మార్చివేయును. మేళ్ళచెరువు వైపు సున్నపురాతి గనుల దారులలో వాడి అంచుల రాళ్ళు టైరు పక్కభాగాన్ని కోయును.

కోతల కాలంలో మరొక చిత్రం కనిపించును. వడ్లు ఆరబోయుట వలన రోడ్డు సగమే మిగిలి, ఎదురుగా లారీ వచ్చినప్పుడు మట్టి అంచుకు దిగక తప్పదు. తారురోడ్డును వదలని కారుకు కూడా ఇక్కడ ఏడాదికి కొన్ని రోజులు మట్టి తప్పదన్నమాట.

నాలుగు చక్రాల చోదనం చేసేది, చేయనిది

రెండు చక్రాలకే శక్తి అందే కారులో అవి జారినచో కారు ఆగిపోవును. నాలుగు చక్రాలకూ శక్తి అందినప్పుడు పట్టు దొరికిన చక్రం కారును ముందుకు తీసుకొనిపోవును. ఇంజను నిలువుగా అమర్చిన ఆడి కార్లు చాలావాటిలో టోర్సెన్ అనే యాంత్రిక డిఫరెన్షియల్ ఎల్లప్పుడూ రెండు ఇరుసులకూ శక్తిని పంచుచుండును. వోల్వో, స్కోడా కార్లలో వాడిన హాల్డెక్స్ పద్ధతిలో ముందు చక్రాలే ప్రధానం. అవి జారుట మొదలైనప్పుడు క్లచ్చి పలకలు బిగిసి వెనుక ఇరుసుకు శక్తి పోవును. ఈ రెండవ రకం బురదలో చాలాసేపు ప్రయాసపడినచో వేడెక్కి, తనను తాను కాపాడుకొనుటకు కొంతసేపు పని మానును. సరిగ్గా అవసరమైన సమయంలోనే ఇది జరుగుట దీని లోపం.

అయితే ఈ చోదనం కారు అడుగును ఒక్క మిల్లీమీటరు కూడా పైకి లేపదు. బ్రేకుల శక్తిని పెంచదు. తడిసిన రేగడి మీద నాలుగు చక్రాల చోదనం గల కారు తేలికగా వేగం అందుకొనును గానీ, ఆగుటకు మాత్రం మామూలు కారుకు పట్టినంత దూరమే పట్టును. బరువు ఎక్కువైనందున ఒక్కొక్కసారి ఇంకా ఎక్కువే పట్టును. జీపులలో ఉండే తక్కువ వేగపు గేరు ఈ కార్లలో దాదాపు ఉండదు. కావున ఎక్కుడు వద్ద క్లచ్చి మీద, గేరుపెట్టె మీద భారం పడును.

టైర్లు

మార్పులలో మొదటిది, డబ్బుకు ఎక్కువ ఫలితం ఇచ్చేది టైర్లే. ఖరీదైన సెడాన్‌లకు అందం కొరకు పెద్ద రిమ్ము, పలుచని టైరు వేయుదురు. మట్టిదారికి ఇది తలక్రిందుల ఏర్పాటు. గుంతలో పడిన దెబ్బను తీసుకొనుటకు రబ్బరు చాలక రిమ్ము వంగును లేదా చిట్లును.

ఉదాహరణకు 225/50 ఆర్ 17 కొలత గల టైరు వ్యాసం సుమారు 657 మి.మీ., పక్కభాగపు ఎత్తు సుమారు 112 మి.మీ. దీని బదులు 225/60 ఆర్ 16 వేసినచో వ్యాసం 676 మి.మీ., పక్కభాగం 135 మి.మీ. అగును. కారు దాదాపు 10 మి.మీ. పైకి లేచును. అంతకంటే ముఖ్యంగా, దెబ్బను ఓర్చే రబ్బరు 22 మి.మీ. పెరుగును. స్పీడోమీటరు మాత్రం ఇక మీదట అసలు వేగం కంటే మునుపటితో పోల్చినప్పుడు 3 శాతం తక్కువ చూపును. చిన్న రిమ్ము బ్రేకు కాలిపర్‌కు తగులకుండా ఉన్నదా, టైరు పూర్తిగా తిప్పినప్పుడు లోపలి ప్లాస్టిక్‌కు ఒరుసుకొనుచున్నదా అన్నవి బిగించకముందే చూసుకొనవలెను.

ఆల్ వీల్ డ్రైవ్ కారులో నాలుగు టైర్లూ ఒకే రకం, ఇంచుమించు ఒకే అరుగుదల గలవై ఉండవలెను. రెండు కొత్తవి, రెండు పాతవి వేసినచో వాటి చుట్టుకొలతల తేడా వలన మధ్య డిఫరెన్షియల్ లేదా క్లచ్చి నేరుదారిలో కూడా నిరంతరం పనిచేయుచునే ఉండి అరిగిపోవును. టైరుకు మిగిల్చిన సొమ్ముకు ఎన్నో రెట్లు ఈ మరమ్మత్తుకు అగును. ఒక్క టైరు కోసుకొనిపోయినప్పుడు కూడా ఇదే చిక్కు. సన్నని తాత్కాలిక స్టెప్నీ వేసుకొని దూరప్రయాణం చేయరాదు.

మెత్తని మట్టిలో గాలి తగ్గించుట పాత ఉపాయం. 33 పి.ఎస్.ఐ. ఉన్న టైరును 24కు తగ్గించినచో నేలకు ఆనే భాగం పెరిగి పట్టు దొరుకును. తారురోడ్డు ఎక్కగానే మరల నింపవలెను గనుక డిక్కీలో చిన్న గాలి పంపు ఉండుట అవసరం.

ఎత్తు పెంచడం

పొడవైన కారు కట్ట అంచున తగులుట కేవలం ఎత్తుకు సంబంధించినది కాదు. ముందు, వెనుక చక్రాల మధ్య దూరం కూడా లెక్కలోకి వచ్చును. ఆ దూరం 2,800 మి.మీ., అడుగు ఎత్తు 140 మి.మీ. ఉన్న సెడాన్ సుమారు 11 డిగ్రీల మలుపు గల అంచును మాత్రమే తగులకుండా దాటగలదు. ఎత్తు 170 మి.మీ. చేసినచో అది దాదాపు 14 డిగ్రీలగును. చక్రాల మధ్య దూరం 2,400, ఎత్తు 220 గల పొట్టి జీపుకు ఇది 20 డిగ్రీలు దాటును. అనగా 30 మి.మీ. పెంచినంత మాత్రాన సెడాన్ జీపు కాదు. అయినప్పటికీ ట్రాక్టరు గాడుల నడుమ మిట్టను తప్పించుకొనుటకు ఆ కొద్దిపాటి ఎత్తే చాలాసార్లు సరిపోవును.

ఎత్తు పెంచుటకు స్ప్రింగు మీద దిమ్మ పెట్టుట చవక పద్ధతి. స్ప్రింగులు, షాక్ అబ్జార్బర్లు జతగా మార్చుట సరియైన పద్ధతి. దిమ్మ పెట్టినప్పుడు షాక్ అబ్జార్బరు పొడవు మారదు గనుక చక్రం గుంతలోకి దిగే దూరం తగ్గిపోవును. 30 మి.మీ. మించి పెంచినచో చక్రాలకు శక్తినిచ్చే షాఫ్టుల కోణం పెరిగి సి.వి. జాయింట్లు త్వరగా అరుగును. ఆ పని చేసిన తరువాత వీల్ అలైన్‌మెంటు, హెడ్‌లైట్ల వాలు సరిచేయుట తప్పనిసరి. అద్దం వెనుక కెమెరా ఉన్న కొత్త కార్లలో దానిని కూడా మరల సరిచేయించవలెను. వోల్వో ఎస్60 క్రాస్ కంట్రీకి మామూలు ఎస్60 కంటే 65 మి.మీ. ఎత్తు ఎక్కువ. కానీ అది కర్మాగారంలో సస్పెన్షన్‌ను ఆ ఎత్తుకు తగినట్లు రూపొందించి తయారుచేసినది. దానిని చూసి షెడ్డులో అంత ఎత్తు లేపించుకొనుట తగదు.

అడుగు రక్షణ

ఆయిల్ చాంబరు కింద చాలా కార్లకు ఉండేది ప్లాస్టిక్ పలక. దాని స్థానంలో 3 మి.మీ. ఉక్కు లేదా కొంచెం మందమైన అల్యూమినియం రేకు బిగించవలెను. ఆయిల్ మార్చుటకు రంధ్రం, గాలి ఆడుటకు చీలికలు ఉండవలెను. కోతల తరువాత రోడ్డు మీద పరచిన గడ్డి ఈ రేకు పైన, సైలెన్సరు చుట్టూ చేరును. వేడెక్కిన సైలెన్సరుకు ఎండుగడ్డి తగిలినచో అంటుకొనుటకు ఎంతోసేపు పట్టదు. పొలం నుండి వచ్చిన వెంటనే వంగి అడుగుభాగం చూడవలెను. సి.వి. జాయింట్ల రబ్బరు తొడుగులు చిరిగినవేమో కూడా అప్పుడే తెలియును.

చట్టం, బీమా

మోటారు వాహనాల చట్టం, 1988లోని 52వ సెక్షను ప్రకారం తయారీదారు ఇచ్చిన వివరాలకు భిన్నంగా వాహనాన్ని మార్చరాదు. 2019 జనవరిలో సుప్రీంకోర్టు దీనిని ధ్రువపరచినది. అదే సంవత్సరపు సవరణతో మార్చబడిన 182ఎ సెక్షను, అనుమతి లేని ఒక్కొక్క మార్పుకు అయిదు వేల రూపాయల జరిమానా, ఆరు నెలల వరకు జైలు లేదా రెండూ విధించుటకు వీలు కల్పించినది. అందుచేత టైర్లను తయారీదారు ఆ నమూనాకు అనుమతించిన కొలతలలోనే ఎంచుకొనుట, ఎత్తు పెంచే ముందు రవాణా శాఖ కార్యాలయంలో విచారించుట మంచిది. కారు ముందు బిగించే ఇనుప కమ్మీలను కేంద్రం 2017 డిసెంబరులో నిషేధించినది. అవి గుద్దుకొన్నప్పుడు ఎయిర్‌బ్యాగుల పనికి అడ్డువచ్చును.

బీమా సంస్థకు తెలుపని మార్పు, ప్రమాదం జరిగిన తరువాత పరిహారం నిరాకరించుటకు కారణం కావచ్చును. ఇంజనులో నీరు చేరి కలిగిన నష్టం సాధారణ పాలసీలో ఇమడదు. దానికి ఇంజను రక్షణ అనే అదనపు భాగం విడిగా తీసుకొనవలెను.

నీరు

పైన చెప్పిన మార్పులేవీ వాగు దాటుటకు పనికిరావు. ఈ ప్రాంతంలో మూసీ, పాలేరు వంటి నదులతో పాటు, వానాకాలంలో చెరువు అలుగులు పారినప్పుడు ఎన్నో లో-లెవల్ వంతెనల మీద నీరు పారును. సెడాన్‌లో ఇంజనుకు గాలి పీల్చే గొట్టం మూతి సాధారణంగా ముందు గ్రిల్లుకు సమీపంలో, బంపరు ఎత్తుకు కొంచెం పైననే ఉండును. నీరు లోపలికి పోయినచో సిలిండరులో నొక్కబడక కనెక్టింగ్ రాడ్డును వంచివేయును. ఆగిపోయిన ఇంజనును తిరిగి స్టార్టు చేయబోవుట వలననే ఎక్కువ నష్టం జరుగును.

ఇంజను సంగతి అటుంచి, పారే నీరు 30 సెం.మీ. ఉన్నచో చిన్న కార్లు తేలుట మొదలగును. 60 సెం.మీ. ఉన్నచో ఎస్.యు.వి.లు సహా చాలా వాహనాలను ప్రవాహం లాగుకొనిపోవును. తేలిన కారుకు నాలుగు చక్రాల చోదనం ఉన్నా లేకున్నా ఒకటే, చక్రాలు నేలను తాకవు గదా. తలుపులు గాలి చొరకుండా బిగిసి ఉండే ఖరీదైన కారులో నీరు నెమ్మదిగా చేరును గనుక అది మరింత తేలికగా తేలును.

2024 ఆగస్టు 31, సెప్టెంబరు 1 తేదీలలో కురిసిన కుండపోత వానకు కోదాడ పట్టణంలో కార్లు వరదలో కొట్టుకొనిపోయినవి, ప్రాణనష్టం కూడా జరిగినది. నడిగూడెం మండలంలో సాగర్ ఎడమ కాలువకు గండి పడినది. విజయవాడ రహదారి తెగిపోగా వాహనాలను నార్కట్‌పల్లి వద్ద మళ్ళించి, నల్గొండ, మిర్యాలగూడల మీదుగా, అనగా వేములపల్లి దారినే, గుంటూరు వైపు పంపినారు. కాలువ కట్ట మీది దారులు ఇటువంటి రోజులలో పైకి గట్టిగా కనిపించినను లోపల నాని ఉండును. కట్ట అంచుకు దగ్గరగా బరువైన కారును నడపరాదు. వంతెన మీద నీరు పారునప్పుడు రోడ్డు అంచున నాటిన రాళ్ళు మునిగినచో, నీటి లోతు ఎంత ఉన్నను, కారును వెనుకకు తిప్పుకొనవలెను.