రంగం రేవు నుండి లక్షింపేట వరకు: జాతి వివక్ష పుట్టుక, కొనసాగింపు

ఉపోద్ఘాతము

జాతి వివక్ష అనగానే మన సంఘాలలో చాలామందికి అమెరికాలోని నల్లజాతివారు, దక్షిణ ఆఫ్రికాలోని నెల్సన్ మండేలా గుర్తుకు వస్తారు. అది తెల్లవారికి, నల్లవారికి మధ్యనున్న సమస్య అనీ, మన సమస్య కులం కాబట్టి అది వేరు అనీ అనుకోవడం పరిపాటి. అయితే శ్రీకాకుళం, విజయనగరం ప్రాంతాల చరిత్రను పరిశీలిస్తే ఈ రెండూ ఒకే ప్రజల జీవితంలో కలిసి నడిచినట్లు తెలుస్తుంది. ఇక్కడి రేవుల నుండి బర్మాకు, మద్రాసు మీదుగా నేటాల్‌కు ఓడలెక్కి వెళ్ళినవారిని అక్కడ రంగును బట్టి, దేశాన్ని బట్టి హీనంగా చూశారు. అదే కాలంలో వారు విడిచి వెళ్ళిన ఊళ్ళలో మనుష్యులను పుట్టుకను బట్టి ఊరి వెలుపల ఉంచారు.

వివక్ష ఎక్కడ పుట్టింది? చట్టాలు మారినా అది ఎందుకు పోలేదు? ద్వేషం ముందు పుట్టి, దాని నుండి వివక్ష వచ్చిందని సాధారణంగా భావిస్తాము. చరిత్ర చూపించే వరుస వేరు. ముందుగా ఒకరి శ్రమను, భూమిని చౌకగా పొందే ఏర్పాటు జరిగింది. ఆ ఏర్పాటును సమర్థించడానికి సిద్ధాంతం వచ్చింది. తరువాత అది అలవాటుగా మారింది. కాబట్టి ఏర్పాటును ముట్టుకోకుండా మనసు మార్చుకోండని మాత్రమే బోధిస్తే ఫలితం ఎందుకు కొద్దిగా ఉంటుందో ఈ వ్యాసములో చూద్దాము.

1. ఏర్పాటు ముందు, సిద్ధాంతం తరువాత

ప్రాచీన కాలంలో బానిసత్వం ఉంది, పరదేశులను చిన్నచూపు చూడడం కూడా ఉంది. కాని రోమా సామ్రాజ్యంలో ఏ రంగువాడైనా బానిస కావచ్చు. చర్మపు రంగును బట్టి మానవజాతిని శాశ్వతంగా పైమెట్టు, కిందిమెట్టు అని విభజించే ఆలోచన అట్లాంటిక్ సముద్రంపై సాగిన బానిస వ్యాపారంతో పాటు బలపడింది.

అమెరికాలోని వర్జీనియా ఇందుకు స్పష్టమైన ఉదాహరణ. 1619లో ఆఫ్రికన్లు అక్కడికి తీసుకురాబడ్డారు. మొదటి దశాబ్దాలలో వారికీ, ఒప్పందంపై పనిచేసే తెల్ల కూలీలకూ మధ్య గీత అంత గట్టిగా లేదు. పొగాకు తోటలు పెరిగిన కొలదీ చట్టాలు ఒక్కొక్కటిగా వచ్చాయి. బిడ్డ స్థితి తల్లి స్థితిని బట్టి ఉంటుందని 1662లో శాసించారు. బాప్తిస్మము పొందినంత మాత్రాన బానిసకు విడుదల కలుగదని 1667లో శాసించారు. 1691లో తెల్లవారు ఇతరులను వివాహం చేసికొనడాన్ని శిక్షార్హం చేశారు.

1667 నాటి శాసనాన్ని కాపరులు ప్రత్యేకంగా గమనించాలి. క్రైస్తవుడు తోటి క్రైస్తవుని బానిసగా ఉంచుకోవచ్చా అనే సందేహం అప్పటి యజమానులను పీడించింది. చట్టం ఆ సందేహాన్ని తీర్చింది. నీటి దగ్గర సహోదరుడైనవాడు పొలం దగ్గర సొత్తుగానే ఉండిపోయాడు.

ఆ మీదట లేఖనాలను కూడా ఇందుకు వాడుకున్నారు. ఆదికాండము 9:20-27లో నోవహు శపించినది హామును కాదు, కనానును. అక్కడ చర్మపు రంగు ప్రస్తావన లేనే లేదు. అయినా హాము సంతతి నల్లవారనీ, దాస్యం వారికి దేవుడిచ్చిన వంతు అనీ బోధించారు. వాక్యాన్ని చదివి ఈ ఏర్పాటుకు రాలేదు. ఏర్పాటు చేసికొని వాక్యాన్ని వెదికారు.

2. రంగం వెళ్ళినవారు

1852లో దిగువ బర్మా ఆంగ్లేయుల వశమైంది. ఐరావతి డెల్టాలో వరిసాగు విస్తరించగా మిల్లులకు, రేవులకు కూలీలు కావలసి వచ్చారు. ఆనాటి గంజాం, విశాఖపట్నం, గోదావరి జిల్లాల నుండి వేలాదిమంది కళింగపట్నం, బారువ, భీమునిపట్నం, విశాఖపట్నం, కాకినాడ రేవులలో ఓడలెక్కారు. మన పెద్దలు రంగూనును 'రంగం' అనేవారు. కరవు, అప్పు, భూమి లేకపోవడం వారిని పంపించాయి. మేస్త్రీలు ముందుగా అడ్వాన్సు ఇచ్చి తీసుకువెళ్ళేవారు. ఆ అప్పు తీరేవరకు కూలీ మేస్త్రీ చేతిలో ఉండేవాడు.

బర్మాలో పైమెట్టున తెల్ల అధికారులు, వ్యాపారసంస్థలు ఉండేవి. మధ్యలో వడ్డీ వ్యాపారులు, అట్టడుగున రేవులలో బస్తాలు మోసేవారు, రిక్షాలు లాగేవారు ఉండేవారు. తెలుగు కూలీని బర్మావారు 'కోరంగి' అనేవారు. గోదావరి ముఖద్వారం దగ్గరి కోరంగి రేవు పేరు అది. అక్కడ అది ఒక తిట్టుగా మారింది.

1930 మే నెలలో రంగూను రేవులోని తెలుగు కూలీలు కూలి పెంచమని సమ్మె చేశారు. కంపెనీలు వారి స్థానంలో బర్మావారిని పనిలో పెట్టుకున్నాయి. సమ్మె పరిష్కారమై తెలుగువారు తిరిగి రాగా బర్మావారిని పంపివేశారు. మే 26న అల్లర్లు మొదలయ్యాయి. వందకు పైగా ప్రాణాలు పోయాయి. మృతులలో అధికులు భారతీయ కూలీలు. కూలి తక్కువగా ఉంచినది కంపెనీ. దెబ్బలాడుకున్నది ఇద్దరు కూలీలు. ఆర్థిక మాంద్యంలో వడ్లధర పడిపోయి బర్మా రైతుల పొలాలు అప్పులవారి చేతికి పోయాయి. ఆ కోపం కూడా దగ్గరలో కనిపించే పరదేశి మీదికి మళ్ళింది. 1938లో మరల అల్లర్లు జరిగాయి.

1941 డిసెంబరులో జపాను విమానాలు రంగూనుపై బాంబులు వేయగా లక్షలాది భారతీయులు స్వదేశానికి బయలుదేరారు. ఎక్కువమంది కొండలు, అడవుల గుండా నడిచారు. వేలాదిమంది దారిలోనే మరణించారు. మెరుగైన మార్గాన్ని యూరోపియన్లకు కేటాయించి, కష్టమైన మార్గాన్ని భారతీయులకు విడిచిపెట్టారనే ఫిర్యాదు ఆనాడే వచ్చింది. ఆ దారులకు 'తెల్ల దారి', 'నల్ల దారి' అనే పేర్లు పడ్డాయి. 1962లో నే విన్ సైనిక ప్రభుత్వం వచ్చి వ్యాపారాలను జాతీయం చేశాక మిగిలినవారిలో అనేకులు తిరిగి వచ్చారు. విశాఖపట్నం కంచరపాలెంలోని బర్మా క్యాంపు ఆ రాకకు గుర్తుగా నేటికీ ఉంది.

3. నేటాల్‌లో మూడవ ద్వారం

1860 నవంబరు 16న ట్రూరో అనే ఓడ మద్రాసు నుండి డర్బను చేరింది. 1911 వరకు లక్షా యాభై వేలకు పైగా భారతీయులు ఒప్పంద కూలీలుగా నేటాల్ చెరకు తోటలకు వెళ్ళారు. వారిలో మూడింట రెండు వంతులమంది మద్రాసు రేవు నుండి వెళ్ళినవారే. తమిళులతో పాటు ఉత్తర కోస్తా తెలుగువారు కూడా అందులో ఉన్నారు. ఓడ జాబితాలలో ప్రతి మనిషి పేరు, తండ్రి పేరు, ఊరు, కులం, ఒంటిమీది పుట్టుమచ్చలు వ్రాసి ఉంచారు. ఓడలో అందరికీ ఒకే వంట, ఒకే పడక. కులం అక్కడ కొంత సడలింది. కాని కాగితం మీద అది సముద్రం దాటింది.

1903లో నెల్లూరు నుండి తెలుగు బాప్టిస్టు హోం మిషనరీ సొసైటీ పక్షాన రెవ. జాన్ రంగయ్య గారు నేటాల్‌కు వెళ్ళి అక్కడి తెలుగు విశ్వాసులను సంఘముగా చేర్చారు. మన తెలుగు సంఘాలు తామే పంపిన మిషనరీ చరిత్ర అది. వారు సేవ చేసిన దేశంలో తరువాత 1949లో వేర్వేరు జాతుల మధ్య వివాహ నిషేధం, 1950లో జాతిని బట్టి నివాస ప్రాంతాల విభజన చట్టమయ్యాయి.

నేటాల్ చరిత్రలో ఇంకొక సంగతి ఉంది. 1890వ దశకంలో డర్బను పోస్టాఫీసులో యూరోపియన్లకు ఒక ద్వారం, ఆఫ్రికన్లకు, భారతీయులకు కలిపి మరొక ద్వారం ఉండేవి. భారతీయ నాయకులు దీనికి అభ్యంతరం చెప్పారు. ఫలితంగా భారతీయులకు మూడవ ద్వారం వచ్చింది. ద్వారాలను ఒకటి చేయాలని కాక, ఆఫ్రికన్లతో కలపకూడదని వారు అడిగారు. వివక్ష ఎందుకు నిలిచి ఉంటుందో ఈ చిన్న సంఘటన చెబుతుంది. మెట్లున్న చోట మధ్యమెట్టువాడు పైవానిపై ఫిర్యాదు చేస్తూనే కిందివానికి దూరంగా ఉండాలనుకుంటాడు. అందుచేత మెట్లు కూలవు.

4. కొలబద్దతో కులాన్ని కొలిచినవారు

జాతి సిద్ధాంతం మన దేశానికి కూడా వచ్చింది. 1901 జనాభా లెక్కల కమిషనరు రిస్లీ, ముక్కు వెడల్పు పెరిగిన కొలదీ సామాజిక స్థాయి తగ్గుతుందని వాదించాడు. మద్రాసు మ్యూజియం అధికారి థర్‌స్టన్ తలలు, ముక్కులు కొలిచి దక్షిణ భారత కులాలు, తెగలపై 1909లో ఏడు సంపుటాలు ప్రచురించాడు. కులానికి ప్రకృతి ఆధారం ఉన్నట్లు ఈ కొలతలు భ్రమ కలిగించాయి.

డా. అంబేడ్కర్ 1948లో అంటరానివారి గురించి వ్రాసిన గ్రంథంలో ఆ కొలతలనే తీసికొని, బ్రాహ్మణులు, అంటరానివారు వేర్వేరు జాతులనే వాదం నిలవదని చూపించారు. కులం, జాతి ఒకటి కావు. కులం ఎంతో పూర్వపుది. రంగుతో దానికి పని లేదు. కాని రెండింటి పనితీరు ఒకటే. పుట్టుకను బట్టి పని, భూమి, పెండ్లి, బల్ల, సమాధి నిర్ణయమవుతాయి.

మిషను కూడా దీనికి అతీతంగా లేదు. 1870ల నుండి కెనడా బాప్టిస్టు మిషనరీలు భీమునిపట్నం, శ్రీకాకుళం, బొబ్బిలి ప్రాంతాలలో బడులు, ఆసుపత్రులు స్థాపించి, ఊరు తాకని ప్రజలను తాకారు. ఆ మేలు మరువరానిది. అయితే ఆ కాలపు మిషను సంస్థలలో బంగళాకు, దేశీయ సేవకునికి మధ్య దూరం ఉండేది. 1910లో ఎడిన్‌బరో ప్రపంచ మిషనరీ మహాసభలో వి.ఎస్. అజరయ్య గారు ఈ సంగతి బహిరంగంగా చెప్పారు. మిషనరీలు ప్రాణాలు అర్పించారు గాని స్నేహం ఇవ్వలేదని వారి ఆవేదన. 1912లో దోర్నకల్ బిషప్పు అయ్యాక ఆయనే తన తెలుగు సంఘాలలో మాల, మాదిగ విశ్వాసుల మధ్య ఐక్యత కోసం శ్రమించవలసి వచ్చింది. తెల్లవారి నుండి స్నేహం కోరిన సంఘము తనలో తాను స్నేహం నేర్చుకోవలసి వచ్చింది.

5. లక్షింపేట

2012 జూన్ 12న, అప్పటి శ్రీకాకుళం జిల్లా వంగర మండలం లక్షింపేటలో జరిగిన దాడిలో ఐదుగురు దళితులు హతులయ్యారు. 2022 జిల్లాల విభజన తరువాత ఆ మండలం విజయనగరం జిల్లాలో ఉంది. మడ్డువలస జలాశయం కింద ఊరు కోల్పోయినవారి పునరావాస గ్రామమది. ప్రాజెక్టు కోసం సేకరించిన భూమిలో మునగక మిగిలిన దానిని దళితులు సాగు చేసికొంటున్నారు. ఆ భూమి గురించిన తగవే హత్యలకు దారితీసింది.

ఇక్కడ కూడా అదే వరుస కనిపిస్తుంది. తరతరాలుగా కూలి చేసినవారు భూమిలో నాగలి పెట్టగానే శత్రుత్వం బయటపడింది. జలాశయం ఇరుపక్షాల ఊళ్ళనూ ముంచింది. ఇద్దరూ నిర్వాసితులే. కలిసి పొందిన నష్టం వారిని కలపలేదు. రంగూను రేవులో ఇద్దరు కూలీలు కొట్టుకున్నట్లే ఇక్కడ కూడా జరిగింది.

6. ఎందుకు నిలిచి ఉంది?

దక్షిణ ఆఫ్రికాలోని డచ్ రిఫార్మ్‌డ్ సంఘ చరిత్ర దీనికి జవాబు ఇస్తుంది. 1857లో ఆ సంఘపు కేప్ సినడు, అన్ని జాతుల విశ్వాసులు కలిసి ఆరాధించడమే వాక్యానుసారమని ఒప్పుకున్నది. అయితే కొందరి బలహీనత వలన అది అడ్డమైన చోట్ల వేరుగా కూడుకోవచ్చని అనుమతించింది. 1881లో వేరే జాతివారికి వేరే సంఘమే ఏర్పడింది. 1948లో వర్ణవివక్ష ప్రభుత్వ విధానమయ్యే నాటికి ఆ మినహాయింపు వేదాంతంగా ఎదిగింది. దానిని ఖండించి 1982లో వెలువడిన బెల్హార్ విశ్వాస ప్రకటన ఆ వేరుచేయబడిన సంఘము నుండే వచ్చింది. కొందరి బలహీనత కోసం ఇచ్చిన వెసులుబాటును సరిచేయడానికి శతాబ్దానికి పైగా పట్టింది.

గలతీ 2:11-14లో పౌలు పేతురును ఎదిరించినది ఇటువంటి విషయములోనే. పేతురు సిద్ధాంతం మార్చుకోలేదు, భోజనపు బల్ల మార్చుకున్నాడు. అది సువార్త సత్యానికే విరుద్ధమని పౌలు గ్రహించాడు.

నేటికీ రెండు వైపులా ఇది సాగుతున్నది. 2017లో అమెరికాలోని కాన్సస్‌లో ఒక తెలుగు ఇంజనీరును పరదేశి అన్న ద్వేషంతో కాల్చి చంపారు. 2023లో అదే దేశంలో సియాటిల్ నగరం కుల వివక్షను నిషేధించవలసి వచ్చింది. బాధను, బాధించే అలవాటును ఒకే సామానులో తీసికొని మనవారు సముద్రాలు దాటుతున్నారు.

ముగింపు

హింస పొందినంత మాత్రాన ఎవరూ పరిశుద్ధులు కారు. రంగం వెళ్ళివచ్చిన తరాల అనుభవం మన ఊళ్ళలో అంటరానితనాన్ని రద్దు చేయలేదు. అందుకే ధర్మశాస్త్రం ఇశ్రాయేలీయులకు వారి ఐగుప్తు దాస్యాన్ని జ్ఞాపకం చేసి అక్కడితో ఆగలేదు. పొలంలో పరిగెను, కూలివాని జీతాన్ని, పరదేశి న్యాయాన్ని శాసనంగా ఏర్పరచింది (ద్వితీ 24:14-22). జ్ఞాపకానికి ఏర్పాటు తోడుకావాలని దీని భావం.

కాబట్టి కాపరులు, వేదాంత విద్యార్థులు తమ సంఘములో మూడింటిని పరిశీలించవలసి ఉంది. వివాహ రిజిస్టరులో గడచిన ఇరవై ఏళ్ళలో కులాంతర వివాహాలు ఎన్ని? సంఘ కమిటీలో రెల్లి, సవర వంటి చిన్న సమూహాలవారు ఉన్నారా? సమాధుల తోటలో వరుసలు ఎవరిని బట్టి ఉన్నాయి? ఐక్యతపై చేసే ప్రసంగం కన్నా ఈ మూడింటి జవాబులే సంఘపు వేదాంతాన్ని నిజంగా తెలియజేస్తాయి. వివక్ష మనుష్యులు చేసిన ఏర్పాటు అని చరిత్ర రుజువు చేస్తున్నది. చేసినదానిని విప్పవచ్చు. ఆ విప్పడం ప్రభువు బల్ల దగ్గర మొదలై, పెండ్లి పందిరి వరకు, పొలం గట్టు వరకు సాగాలి.