కారెల్, ఎలెగాస్ట్: చక్రవర్తి దొంగతనానికి వెళ్ళిన రాత్రి

ఇవాళ బెల్జియం, నెదర్లాండ్స్ అని పిలుస్తున్న ప్రాంతాల్లో 13, 14 శతాబ్దాల్లో డచ్ భాషలో వీరగాథలు విరివిగా పుట్టాయి. ఎక్కువ భాగం ఫ్రెంచి మూలాల నుంచి తెచ్చుకున్నవి. కొన్ని అక్కడే పుట్టినవి. వాటిలో ‘కారెల్, ఎలెగాస్ట్’ చాలా చిన్నది. దాదాపు 1400 పాదాలు. కవి పేరు తెలియదు. కథ రెండు ముక్కల్లో చెప్పేయొచ్చు: దేవుడు చక్రవర్తిని దొంగతనానికి పంపిస్తాడు, ఆ దొంగతనమే ఆయన ప్రాణం కాపాడుతుంది. వీరగాథల్లో మామూలుగా పరీక్షకు నిలబడేది సేవకుడు. ఇక్కడ నిలబడింది రాజు. ఆ కోణం నుంచి చూస్తూ, ఈ కావ్యంలోని ముఖ్యమైన పేర్లకూ వస్తువులకూ ఒక్కొక్కదానికి వ్యాఖ్య రాస్తున్నాను.

కారెల్. చరిత్రలో షార్లెమేన్. క్రీ.శ. 800లో రోమ్‌లో పోప్ చేతుల మీదుగా చక్రవర్తి కిరీటం పెట్టుకున్నవాడు. డచ్ వీరగాథలను పండితులు నాలుగు గుంపులు చేస్తారు: కారెల్ కథలు, ఆర్థర్ కథలు, ట్రాయ్ వంటి ప్రాచీన కథలు, తూర్పుదేశాల కథలు. కారెల్ కథల్లో చక్రవర్తి ప్రతిచోటా మంచివాడు కాడు. రెయ్‌నౌట్ అనే వీరుడి కథలో ఆయన పగబట్టిన ముసలి ప్రభువు. రెయ్‌నౌట్, అతని ముగ్గురు అన్నదమ్ములు ఒకే గుర్రమెక్కి రాజును ఎదిరిస్తారు. ఆ గుర్రం పేరు బేయార్ట్. చివరికి సంధి కుదిరినప్పుడు రాజు అడిగింది భూమినీ కాదు, బంగారాన్నీ కాదు, ఆ గుర్రాన్ని. మెడకు తిరగలి రాళ్ళు కట్టి ఏట్లో తోయిస్తాడు. గుర్రం మునిగి, తేలి, ఒడ్డున యజమాని కనబడగానే ఈదుకుంటూ వచ్చేస్తుంది. మరిన్ని రాళ్ళు కడతారు. మళ్ళీ వస్తుంది. రెయ్‌నౌట్‌ను అటు చూడవద్దని కట్టడి చేసిన తరవాతే బేయార్ట్ మునిగిపోతుంది. బెల్జియంలోని డెండర్‌మొండె ఊళ్ళో ఇప్పటికీ పదేళ్ళకోసారి బ్రహ్మాండమైన కొయ్య బేయార్ట్‌ను మనుషులు భుజాన మోస్తూ ఊరేగిస్తారు. దాని మీద కూర్చునే నలుగురూ ఆ ఊరి అన్నదమ్ములే కావాలి, నడుమ ఆడపిల్ల పుట్టకుండా వరసగా పుట్టినవాళ్ళు కావాలి. 2020లో జరగాల్సిన ఊరేగింపు కోవిడ్ వల్ల ఆగి 2022లో జరిగింది. గుర్రాన్ని చంపించిన ఆ చక్రవర్తీ, మన కావ్యంలో దొంగతనానికి బయల్దేరే చక్రవర్తీ పేరుకు ఒక్కరే. డచ్ శ్రోతలకు ఈ రెండు ముఖాలూ తెలుసు. అందుకే ఈయన పరీక్షకు నిలబడితే వాళ్ళకు వింత అనిపించి ఉండదు.

ఇంగెల్‌హైమ్. రైన్ నది పక్కన, మైంజ్ దగ్గర ఉన్న నిజమైన ఊరు. షార్లెమేన్‌కు అక్కడ భవనం ఉండేది. మర్నాడు కొలువు తీరాలి, సామంతులంతా వస్తున్నారు. కథ మొదలయ్యేది ఆ ముందు రాత్రి.

ఆజ్ఞ. దేవదూత వచ్చి, లేచి వెళ్ళి దొంగతనం చెయ్యి, లేకపోతే ప్రాణమూ పరువూ పోతాయి అంటాడు. రాజు కల అనుకుంటాడు, పిశాచం పని అనుకుంటాడు. నాకేం తక్కువని దొంగతనం చేయాలి అని వాదిస్తాడు. మూడోసారికి లేస్తాడు. కవి చమత్కారం ఇక్కడే పని మొదలుపెడుతుంది: కోటలో కాపలావాళ్ళంతా నిద్రలో పడి ఉంటారు, తలుపులు తీసే ఉంటాయి. తన కోటలోంచే తాను చాటుగా జారుకోవాల్సిన రాజును ఎవరూ అడ్డుకోరు. మన జానపద సినిమాల్లో రాజు మారువేషం వేసేది ప్రజల బాగోగులు తెలుసుకోవడానికి. ఈ రాజుకు తాను ఎందుకు వెళ్తున్నాడో తనకే తెలియదు.

అడవి. ఈ కావ్యంలో నాకు బాగా నచ్చిన చోటు ఇదే. మాయలూ యుద్ధాలూ దీని ముందు తేలిపోతాయి. వెన్నెల్లో ఒంటరిగా గుర్రం మీద పోతూ కారెల్ దొంగల గురించి ఆలోచిస్తాడు. ఇన్నాళ్ళూ దొంగ దొరికితే ఉరే అన్నాడు. ఇప్పుడు చీకట్లో అడుగడుక్కీ భయపడుతూ బతకడమంటే ఏమిటో తెలుస్తోంది. పూట గడవడానికి ప్రాణం పణంగా పెడుతున్నవాడికి చిన్న తప్పుకు ఇంత పెద్ద శిక్షా అనుకుంటాడు. ఆ వెంటనే ఎలెగాస్ట్ గుర్తుకొస్తాడు. చిన్న తప్పుకే అతని భూమినీ కోటనూ లాగేసి, దేశం నుంచి వెళ్ళగొట్టాడు. ఆశ్రయం ఇచ్చినవాళ్ళకూ అదే గతి పట్టించాడు. ఇప్పుడు అతను తోడుంటే బాగుండునని మనసులో కోరుకుంటాడు. సింహాసనం మీద ఎంతమంది చెప్పినా తలకెక్కని సంగతి చీకట్లో ఒక గంట ప్రయాణంలో ఎక్కింది. దేవదూత అసలు పంపింది ఇందుకేనేమో అనిపిస్తుంది, తరవాత బయటపడే హత్యాకుట్ర సంగతి అటుంచి.

ఎలెగాస్ట్. నల్ల కవచం, నల్ల గుర్రం. ఎదురుపడగానే సైతాను అనుకుంటాడు కారెల్. ఇద్దరూ తలపడతారు. ఎలెగాస్ట్ కత్తి విరుగుతుంది. ఆయుధం లేనివాణ్ణి కొట్టడం పరువు తక్కువ కాబట్టి రాజు ఆగుతాడు, పేరు అడుగుతాడు. ఎలెగాస్ట్ దాచడు. తన దొంగతనపు నియమాలూ చెబుతాడు: కాయకష్టం చేసుకునే పేదవాడి జోలికి పోడు, యాత్రికుల జోలికీ వ్యాపారుల జోలికీ పోడు, బిషప్పులు, మఠాధిపతులు మాత్రం జాగ్రత్తగా ఉండాలి. ఈ జాబితా చదివేటప్పుడు శ్రోతల్లో ఎవరు నవ్వి ఉంటారో, ఎవరు మొహం ముడుచుకుని ఉంటారో ఊహించుకోవచ్చు. ఇదే కథ ఉత్తరాన కారెల్ గురించిన నార్స్ గాథలోనూ ఉంది, అక్కడ దొంగ పేరు బాసిన్. బాసిన్ మీద ఫ్రెంచిలో ఉండిన పాట నశించింది. దొంగకు ఇంత నిండైన వ్యక్తిత్వం ఇచ్చినది డచ్ కావ్యమే.

అదెల్‌బ్రెక్ట్. రాజు పెట్టుకున్న దొంగపేరు. గుళ్ళలోనూ మఠాల్లోనూ దోచేవాణ్ణి, పేదా గొప్పా చూడనివాణ్ణి అని గొప్పలు పోతాడు. పద, రాజు ఖజానాకే కన్నం వేద్దాం అని పరీక్ష పెడతాడు. ఎలెగాస్ట్ ఒప్పుకోడు. నన్ను వెళ్ళగొట్టినా ఆయనే నా ప్రభువు, ఆయన సొమ్ము ముట్టను అంటాడు. ఎగ్గెరిక్ ఇంటికి పోదాం అంటాడు. ఎగ్గెర్మొండె ప్రభువైన ఆ ఎగ్గెరిక్ రాజుకు సొంత బావ, చెల్లెలి మొగుడు. రాజు అన్యాయం చేసినవాడు విశ్వాసంగా ఉన్నాడు, రాజు చెల్లెల్నిచ్చినవాడు, తరవాత తెలుస్తుంది, ఆయన ప్రాణం మీదికే కుట్ర పన్నుతున్నాడు. సామంతుడు ప్రభువుకు చేసే ప్రమాణం మీద నిలిచిన సమాజంలో ఇంతకంటే ఘాటైన విమర్శ కష్టం. ప్రేమకథల్లో వీరుడు రాణి కోసం రాజుకు ద్రోహం చేస్తే శ్రోతలు అతని పక్షానే ఉంటారు. ఇక్కడ ఆ వెసులుబాటు లేదు.

నాగలి ఇనుము. దారిలో పొలంలో వదిలేసిన నాగలి కనిపిస్తే, దాని మట్టి కోసే ఇనుప పలకను ఊడదీసుకుంటాడు కారెల్. గోడకు కన్నం వేయడానికి అదే పనిముట్టట! అది చూసి ఎలెగాస్ట్ నవ్వుతాడు. అంత లావు ఇనుముతో కన్నం వేసే దొంగను అతను ఎప్పుడూ చూడలేదు. పొలంలోని వస్తువును చక్రవర్తి ఎత్తుకుపోవడం ఈ కథలో ఆయన సొంతంగా చేసిన మొదటి దొంగతనం, అదీ ఒక రైతు సొత్తు. పేదవాణ్ణి ముట్టనన్న ఎలెగాస్ట్ నియమాన్ని పక్కనే పెట్టి చూస్తే, కవి ఇది తెలిసే రాశాడనిపిస్తుంది.

మూలిక. నోట్లో పెట్టుకుంటే జంతువుల మాట అర్థమయ్యే ఆకు. ఎగ్గెరిక్ కోట దగ్గర దాన్ని నోట్లో పెట్టుకున్న ఎలెగాస్ట్‌కు వినబడుతుంది: రాజు ఇక్కడే ఉన్నాడని కోడి కూస్తోంది, కుక్క మొరుగుతోంది. ఎలెగాస్ట్ కంగారు పడితే, కోడి మాటకు విలువేమిటి అని రాజు కొట్టిపారేస్తాడు. అయితే నువ్వే విను అని మూలిక ఇస్తాడు ఎలెగాస్ట్. రాజూ వింటాడు. తరవాత ఎలెగాస్ట్ దాన్ని రాజు నోట్లోంచే, పళ్ళు బిగించి ఉండగానే, తెలియకుండా కొట్టేస్తాడు. ఇంత మొద్దువి, ఇన్నాళ్ళూ పట్టుబడకుండా ఎలా బతికావని ఎగతాళి కూడా చేస్తాడు.

మాయ డచ్ కవులకు ఇష్టమైన సరుకు. పెన్నింక్ మొదలుపెట్టి పీటర్ వోస్టార్ట్ ముగించిన ‘వాలెవైన్’ కావ్యంలో ఆర్థర్ సభలోకి గాలిలో తేలుతూ చదరంగపు పలక వస్తుంది, దాన్ని వెతుకుతూ పోయిన ఆర్థర్ వీరుడు వాలెవైన్‌కు సవతితల్లి శాపంతో నక్కగా మారిన రాకుమారుడు తోడవుతాడు. ఆ 11 వేల పైచిలుకు పాదాల కథలో నాయిక ఇసబెల్ ఉండేది ఎండి దేశంలో, పన్నెండు గోడల కోటలో. ఎండి అంటే మన ఇండియానే. పన్నెండు గోడల సంగతి ఇక్కడెవరికీ తెలియదనుకోండి.

గంటల జీను. ఎగ్గెరిక్ కోటలో దోచిన మూటలు బయటికి చేరాక కారెల్ పోదామంటాడు. ఎలెగాస్ట్ వినడు. ఎగ్గెరిక్ పడకగదిలో వంద బంగారు గంటలున్న జీను ఉంది, అది కావాలి. లోపలికి పోయి లాగేసరికి గంటలన్నీ మోగుతాయి. ఈ అత్యాశే కథను తిప్పుతుంది.

చేతితొడుగు. ఎగ్గెరిక్ కత్తి దూసి లేస్తాడు. భార్య పట్టి ఆపుతుంది: మూడు రోజులుగా తిండీ నిద్రా లేవు నీకు, సంగతేమిటి? అతను చెప్పేస్తాడు, రేపు కొలువులో రాజును చంపబోతున్నామని, ఎవరెవరు కలిశారో పేర్లతో సహా. ఆమె అన్న కోసం ఎదురు చెబుతుంది. మొహం మీద గుద్దుతాడు. ముక్కూ నోరూ పగిలి రక్తం కారుతుంది. దాక్కున్న ఎలెగాస్ట్ మెల్లగా పాకి వచ్చి ఆ రక్తాన్ని కుడి చేతి తొడుగులో పట్టుకుంటాడు. మాటకు సాక్ష్యం కావాలి, వెళ్ళగొట్టిన దొంగ మాట ఎవరు నమ్ముతారు? నగలకని వచ్చినవాడు ఋజువు తీసుకుని వెళ్ళాడు. కావ్యం మొత్తంలో ధైర్యంగా నిజం మాట్లాడి దెబ్బ తిన్నది ఆమె ఒక్కతే. చివర్లో ఆమెను ఎలెగాస్ట్‌కు బహుమానంగా కట్టబెడతారు. అడిగినవాళ్ళు లేరు. అప్పటి రివాజు అదేనని సర్దిచెప్పుకోవచ్చు, నాకు మాత్రం ముగింపులో అదొక్కటే చేదుగా ఉంటుంది.

ద్వంద్వయుద్ధం. ఎలెగాస్ట్ నోట కుట్ర సంగతి విన్న రాజు మర్నాడు కొలువులో వెతికిస్తే, కుట్రదారుల బట్టల కింద ఆయుధాలు దొరుకుతాయి. ఎగ్గెరిక్ కాదంటాడు. ఎలెగాస్ట్‌ను పిలిపించి ఇద్దరినీ తలపడమంటారు, గెలుపు దేవుడి తీర్పు. 1215 నాటి చర్చి మహాసభ, లాటరన్ సభ, ఇలాంటి అగ్నిపరీక్షలకు, నీటిపరీక్షలకు పూజారులు ఆశీస్సులు ఇవ్వకూడదని కట్టడి చేసింది. కవులు మాత్రం దైవనిర్ణయాన్ని వదులుకోలేదు, కథ ముగించడానికి అంతకంటే మంచి సాధనం ఏదీ? ఎగ్గెరిక్ చస్తాడు. శవాన్ని ఈడ్చి ఉరికొయ్యకు వేలాడదీస్తారు.

నిజం. ఇది జరిగిన కథే అని కవి మొదట్లోనే హామీ ఇస్తాడు. ఇలాంటి హామీలంటే ఒళ్ళు మండిపోయిన డచ్ కవి యాకొబ్ వాన్ మార్లాంట్. హాలండ్ ప్రభువు ఐదో ఫ్లోరిస్‌కు అంకితమిచ్చిన తన ప్రపంచ చరిత్రలో, ఆర్థర్ కథలూ కారెల్ కథలూ ఫ్రెంచి అబద్ధాలని తిట్టిపోశాడు. కుర్రతనంలో ఆయనే మెర్లిన్ కథ, గ్రెయిల్ కథ డచ్‌లోకి తెచ్చాడు మరి. ఫ్లోరిస్ 1296లో తన సామంతుల కుట్రకే బలయ్యాడు. దేవదూత రాలేదు, ఎలెగాస్టూ దొరకలేదు.

ఈ సాహిత్యంలో మిగిలింది కొంతే. చేతిరాత తోలుకాగితాలను పుస్తకాల అట్టలు కట్టేవాళ్ళు ముక్కలుగా కోసి వాడేశారు. చాలా కారెల్ కథలు అలాంటి ముక్కలుగానే దొరికాయి. ఆర్థర్ కథల్లో దాదాపు 87 వేల పాదాల లాన్సెలాట్ సంకలనం హేగ్ గ్రంథాలయంలో ఉంది, కాని దాని మొదటి సంపుటం పోయింది. జీవశాస్త్రజ్ఞులు కంటపడని జాతులను అంచనా వేసే లెక్కతో 2022లో పరిశోధకులు లెక్కగడితే, డచ్ వీరగాథల్లో సుమారు సగం పూర్తిగా పోయినట్టు తేలింది. ‘కారెల్, ఎలెగాస్ట్’ మాత్రం 15వ శతాబ్దం చివర అచ్చుయంత్రం ఎక్కడం వల్ల నిండుగా బతికింది. ఇంగ్లీషు అనువాదాలున్నాయి. డచ్ వీరగాథలు చదవాలనుకునేవాళ్ళు వేల పాదాల ‘వాలెవైన్’తో కాకుండా దీంతో మొదలుపెట్టండి. ఒక సాయంత్రం చాలు.