దీవిసీమయు జాయపసేనానియు

కృష్ణానది సాగరముఁ జేరుచోట రెండు పాయల నడుమ నున్న దీవిసీమను అయ్యవంశీయులు వెలనాటి చోడులకు లోఁబడి యేలిరి. ఓరుగంటి గణపతిదేవుఁడు దానిని జయించెను. కాని విజితుల నణఁచివేయక, యవ్వంశపుఁ గన్యలగు నారాంబా పేరాంబలను వివాహమాడి, వారి సోదరుఁడగు జాయపను గజసాహిణిగా నియమించెను. ఇది దయయా, రాజనీతియా? రేవులపై దృష్టిగల రాజునకుఁ దీరవాసుల పొత్తు తప్పనిసరి. ఓడ పగిలి యొడ్డునఁ బడిన సరకులను రాజులు గైకొను వాడుక నాపి, సుంకమును ముప్పదింట నొకవంతుగా నిర్ణయించిన 1244 నాఁటి మోటుపల్లి యభయశాసనమే యిందుకు సాక్షి.

జాయప 1231లో దీవియందు రాజు పేరిట గణపేశ్వరాలయమును గట్టించెను. ఆ గుడిపేరే యూరిపేరై నిలిచినది. భూపాలపల్లి జిల్లా గణపురమునందలి కోటగుళ్లలోను గణపేశ్వరుఁడే వెలసియున్నాఁడు. 1253-54లో రచింపఁబడిన నృత్తరత్నావళి యెనిమిది యధ్యాయములలోఁ గడపటి నాలుగును దేశినృత్తమునకుఁ జెందినవి. పేరణి మొదలగు దేశినృత్తములకు శాస్త్రమునఁ బీఁట వేసినవాఁ డీ దీవివాఁడే.