ఓవిడి మోంట్లోర్

ఓవిడి మోంట్లోర్ (1942–1995) కటలాన్ భాషలో పాటలు రాసి, బాణీ కట్టి, పాడిన గాయకుడు, నటుడు. స్పెయిన్‌లోని వలెన్సియా ప్రాంతంలో, మిల్లులకు పేరుపడ్డ అల్కోయ్ పట్టణంలో కార్మిక కుటుంబంలో పుట్టాడు. చిన్నాచితకా పనులు చేస్తూ నాటకాల్లో వేషాలు వేశాడు. 1960ల్లో బార్సిలోనా చేరి, ఫ్రాంకో నియంతృత్వం అణచివేసిన కటలాన్ భాషకు పాటతో ఊపిరిపోసిన 'నోవా కాన్సో' ఉద్యమంలో కలిశాడు. వ్యంగ్యం అతని ఆయుధం. సెన్సారు కత్తెరకు అతని పాటలూ గురయ్యాయి. గిటారిస్టు తోతీ సోలెర్ తోడుగా విసెంత్ ఆంద్రేస్ ఎస్తెయెస్ కవితలను వేదికపై వినిపించాడు. గొంతులోని గరుకుదనమే ఆ కవితలకు బలం.

సినిమాల్లో అతని పేరు నిలిపింది హోసే లూయిస్ బొరావు తీసిన 'ఫుర్తీవోస్' (1975). అందులో తల్లి గుప్పిట్లో నలిగే దొంగ వేటగాడిగా, పెద్దగా మాట్లాడకుండానే మెప్పించాడు. ఆ చిత్రం సాన్ సెబాస్టియన్ ఉత్సవంలో 'గోల్డెన్ షెల్' గెలిచింది. 1995 మార్చి 10న బార్సిలోనాలో క్యాన్సర్‌తో మరణించాడు. వలెన్సియా సంగీతకారులకు ఇచ్చే 'ఓవిడి' పురస్కారాలు అతని పేరిట వెలసినవే.