అక్క సంతకం ఎందుకు కావాలి?

తండ్రి పోయాక పొలమో ఇల్లో అమ్మాలంటే రిజిస్ట్రార్ ఆఫీసుకి అక్కచెల్లెళ్ళని పిలుస్తారు. సంతకం పెట్టించుకుని, చీర పెట్టి పంపిస్తారు. మన ఇళ్ళలో ఇదెంత మామూలంటే, అది దేనికని చాలామంది ఆడపిల్లలు అడగను కూడా అడగరు. ఆ సంతకం చరిత్రే ఈ ఎపిసోడ్.

1956 హిందూ వారసత్వ చట్టం తండ్రి స్వార్జితంలో కూతురికీ సమాన వాటా ఇచ్చింది, ఆయన వీలునామా రాయకుండా పోతే. తాతల నాటి ఉమ్మడి ఆస్తి మాత్రం వేరే లెక్క. అందులో కొడుక్కి పుట్టుకతోనే హక్కు, కూతురికి లేదు. తల్లి లేని ఇంట్లో తండ్రి, కొడుకు, కూతురు, ఆరెకరాల పొలం అనుకోండి. ముందు తండ్రీకొడుకులకి చెరి మూడెకరాలు. తండ్రి పోయాక ఆయన మూడు ఎకరాలే పిల్లలిద్దరికీ సగం సగం. అంటే కొడుక్కి నాలుగున్నర, కూతురికి ఒకటిన్నర!

దీన్ని మన దగ్గర మార్చింది ఎన్టీఆర్ ప్రభుత్వం. 1985 సెప్టెంబరు 5 నుంచి వర్తించేలా 1986లో సవరణ చట్టం తెచ్చి, కూతురికీ పుట్టుకతోనే హక్కు ఇచ్చారు. తమిళనాడు 1989లో, కర్ణాటక, మహారాష్ట్ర 1994లో అదే దారి పట్టాయి. కానీ ఒక మెలిక పెట్టారు: ఆ తేదీకి ముందే పెళ్ళయిన కూతుళ్ళకి ఇది వర్తించదు. ఒకే ఇంట్లో 1984లో పెళ్ళయిన అక్కకి హక్కు లేదు, 1986లో పెళ్ళయిన చెల్లికి ఉంది. పెళ్ళి ముహూర్తం ఆస్తిని పంచేసిందన్నమాట. నాకిది అన్యాయంగానే కనిపిస్తుంది.

"పసుపు కుంకుమ కింద ఇచ్చేశాం కదా" అనే మాట ఉంది చూడండి, ఈ మెలిక దానికి దగ్గర చుట్టం. పోనీ అరెకరం ఆమె పేరున రాసి ఉంటే సరే. కట్నంగా ఇచ్చిన డబ్బు చాలాసార్లు అత్తింటి వాళ్ళ చేతికే పోయింది. పైగా కట్నం 1961 నుంచీ నేరం.

2005 సెప్టెంబరు 9 నుంచి దేశమంతా కూతుళ్ళకి ఈ హక్కు వచ్చింది, పెళ్ళయినా కాకపోయినా. ఆ రోజుకి తండ్రి బతికి ఉండక్కర్లేదని 2020 ఆగస్టు 11న వినీతా శర్మ కేసులో సుప్రీంకోర్టు తేల్చేసింది. 2004 డిసెంబరు 20కి ముందే సక్రమంగా జరిగిపోయిన పంపకాల జోలికి మాత్రం వెళ్ళరు.

అందుకే అన్నయ్యకి ఆ సంతకం కావాలి. ఆ కాగితం పేరు హక్కు విడుదల దస్తావేజు. వాటా అడిగితే పండక్కి పిలుపు రాదేమో, పిల్లల పెళ్ళికి మేనమామ రాడేమో అని భయపడి పెట్టేవాళ్ళున్నారు. ఇష్టంగా వదులుకునేవాళ్ళూ ఉన్నారు, వాళ్ళని తప్పుపట్టను. కానీ ఒకసారి రిజిస్టరయ్యాక అది చెల్లదనాలంటే, మోసమో బలవంతమో జరిగిందని ఆమే కోర్టుకెళ్ళి నిరూపించుకోవాలి. అదీ సొంత అన్నయ్య మీద.