బురుజు ముందు కెమెరా

తెలుగు సినిమాలో వీధి చాలాకాలం మద్రాసులోనే ఉండేది. దాన్ని అక్కడ కట్టించినవాళ్లలో ముఖ్యులు కడప జిల్లా అన్నదమ్ములు బి.ఎన్.రెడ్డి, బి.నాగిరెడ్డి. వడపళనిలోని విజయా-వాహినీ స్టూడియో ఒకప్పుడు ఆసియాలోనే పెద్దదిగా పేరుపడింది. 1951లో వచ్చిన ‘మల్లీశ్వరి’లోని రాయలకాలపు వాడలు కళాదర్శకుడు ఎ.కె.శేఖర్ వేయించిన సెట్లు. బరువైన కెమెరాలు, ఏ చిన్న చప్పుడైనా పట్టేసే మైకులు, షూటింగంటే ఎగబడే జనం. వీటన్నిటి మధ్య నిజం బజారులో సినిమా తీయడం అయ్యే పని కాదు. అన్నకు 1974లో, తమ్ముడికి 1986లో ఫాల్కే పురస్కారం దక్కింది. వాళ్ల తెరమీద నడిచిన వీధుల్లో ఎక్కువభాగం చెక్క, ప్లాస్టరే.

రాయలసీమ వీధి తెరమీద పేరుకెక్కింది ఫ్యాక్షన్ సినిమాలతో. 1997లో ‘ప్రేమించుకుందాం రా’ కథ కర్నూలుకు వచ్చింది. 1999లో ‘సమరసింహారెడ్డి’ ఆ బాటను రహదారి చేసింది. ఇక సుమోలు రావడం, జనం పరుగెత్తడం, దుకాణాలు మూతపడడం. బండి దగ్గర నిలబడి ఉగ్గాని, బజ్జీ తినే మనిషి ఆ సినిమాలకు అక్కరకు రాలేదు. నిజానికి ఊరంటే అతనే.

2003 సంక్రాంతికి వచ్చిన గుణశేఖర్ ‘ఒక్కడు’ కూడా ఆ తరహా కథే. కానీ అందులో మహేష్‌బాబు ప్రకాష్‌రాజ్‌ను కొట్టే ఘట్టాన్ని కర్నూలు నడిబొడ్డున, కొండారెడ్డి బురుజు దగ్గరే తీశారు. విజయనగర కాలపు కోటలో మిగిలిన ఈ కట్టడం 1953 నుంచి 1956 దాకా ఆంధ్ర రాష్ట్ర రాజధానిగా ఉన్న ఊరికి గుర్తు. సినిమా వచ్చాక అది తెలుగువాళ్లందరికీ తెలిసిన కూడలి అయింది. అదే సినిమాలో హైదరాబాద్ పాతబస్తీ మాత్రం అసలుది కాదు. చార్మినార్ చుట్టూ ఉండే రద్దీలో రోజుల తరబడి షూటింగు సాగదు కనుక కళాదర్శకుడు అశోక్ నగర శివారులో చార్మినార్‌నూ, దాని చుట్టూ వీధుల్నీ సెట్టు వేశారు. పెద్ద నగరం నకలు, చిన్న ఊరు అసలు. మరుసటేడు తమిళంలో ‘గిల్లి’గా తీసినప్పుడు కథలోని కర్నూలు మదురై అయింది.

2020 సంక్రాంతికి ‘సరిలేరు నీకెవ్వరు’లో మహేష్‌బాబు మళ్లీ ఆ బురుజు ముందు నిలబడ్డాడు. ఈసారి బురుజు రామోజీ ఫిల్మ్ సిటీలో వేసిన సెట్టు.